అత్తగారు కురిసెను

ఒకానొక రాజ్యంలో రాజుగారికి చదవడం వచ్చు. అదేం గొప్ప అంటారా? ఆ రాజ్యంలో అది చాలా గొప్ప, ఎందుకంటే ఆ సంగతి ఆయన పూటకోసారి అందరికీ గుర్తు చేస్తుండేవాడు. పేరు ఉద్దండభూపాలుడు. భోజనం దగ్గర కూర్చుని వడ్డించేవాళ్ళతో కూడా, "నాకు మూడో ఏటికే అక్షరాలన్నీ వచ్చేశాయి, తెలుసునా?" అనేవాడు. వాళ్ళు గరిటె పట్టుకుని "చిత్తం ప్రభూ, చిత్తం" అంటూ నిలబడేవాళ్ళు. ఈలోగా పప్పు చల్లారిపోయేది.

మనిషి చెడ్డవాడు కాదు సుమా! ఉన్నట్టుండి ఒకరోజు ఆయనకి మంచి ఆలోచనే వచ్చింది. రాజ్యంలో ప్రతి పిల్లకీ, పిల్లాడికీ చదువు రావాలన్నాడు. ఊరూరా బడి పెట్టించాడు. అక్కడితో ఆగితే ఈ కథే లేదు. "అన్ని బడుల్లోనూ ఒకటే పుస్తకం ఉండాలి. అది మన ఆస్థానంలోనే పుట్టాలి" అన్నాడు.

ఆ పని ఆస్థాన పండితుడు చతుర్ముఖశాస్త్రిగారి మీద పడింది. ఆయన రాజోద్యానంలో పూలపందిరి కింద, ఒళ్ళంతా గంధం పూసుకుని కూర్చుని ఆరు నెలలు రాశాడు. 'రాజబోధిని' అని పేరు పెట్టాడు. మొదటి పాఠం రెండే రెండు వాక్యాలు. "వాన కురిసెను. జనులు ఆనందించిరి."

ఎంత హాయిగా ఉంది! దీనికెవరికైనా అభ్యంతరం ఉంటుందా చెప్పండి?

చవుటపాలేనికి ఉంది.

చవుటపాలెం సముద్రం ఒడ్డున ఉప్పు పండించుకునేవాళ్ళ ఊరు. మళ్ళు కట్టి, కాలవ తీసి, సముద్రపు నీళ్ళు పెట్టి ఎండకి వదిలేస్తారు. ఎండ ఎంత మండితే అంత పంట. లోకమంతా ఎండ బాబోయ్ అని నీడకి పరుగెత్తే రోజుల్లో వీళ్ళు మళ్ళలో దిగి పాటలు పాడుతుంటారు. అలాంటప్పుడు నాలుగు చినుకులు రాలాయా, అంతే సంగతులు! నెల రోజుల కష్టం కళ్ళముందే కరిగి కాలవలో పడుతుంది.

అందుకని ఉప్పు పండే ఆ నాలుగు నెలలూ ఆ ఊళ్ళో వాన అనే మాట ఎవరూ పలకరు. పలికితే పిలిచినట్టేనని వాళ్ళ భయం. మరి మబ్బు పడితే ఏమంటారూ? "అత్తగారొస్తున్నారర్రోయ్!" అని కేకేస్తారు. చెప్పాపెట్టకుండా దిగుతుంది, ఓ పట్టాన కదలదు, వెళ్ళేసరికి ఇంట్లో ఏమీ మిగలదు. ఆ కేక వింటే చాలు, ఊరు ఊరంతా తాటాకులు పట్టుకుని ఉప్పుకుప్పలు కప్పడానికి పరుగు తీస్తుంది.

ఈ సంగతులన్నీ పేరన్నకి తెలుసు. పేరన్న రాజుగారి దగ్గర రాయసం, అంటే ఉత్తరాలూ శాసనాలూ రాసే ఉద్యోగి. అతని అక్క ముత్యాలుని ఆ ఊరే ఇచ్చారు. బావ బండిమీద ఉప్పు వేసుకుని పైదేశం వెళితే నెలల తరబడి రాడు. ఎప్పుడో ఓ ఉత్తరం రాయించి పంపుతాడు. అది చదివించుకోవడానికి ముత్యాలు రెండు కోసులు నడిచి కరణంగారి అరుగు దగ్గర పడిగాపులు కాయాలి. కరణంగారిది పెద్ద గొంతు. మొగుడు తనకని పంపిన ముచ్చట్లు అరుగు మీది జనమంతా విని పకపకా నవ్వుతుంటే, ముత్యాలు సిగ్గుతో చచ్చిపోయేది.

అందుకే ఊళ్ళో బడి పెట్టిన రోజున వాళ్ళ ఎనిమిదేళ్ళ కూతురు గవరమ్మ అందరికంటే ముందెళ్ళి కూర్చుంది. "అయ్య ఉత్తరం ఇకమీదట అమ్మకి నేనే చదువుతాను. చెవిలో చదువుతాను" అంది.

బడికి పట్నం నుంచి ఒక అయ్యవారొచ్చాడు. మొదటిరోజే ఆయన రాజబోధిని తెరిచి ఆ రెండక్షరాల మాట గట్టిగా చదివేసరికి, ఊళ్ళో ఆడవాళ్ళు చేటలు పట్టుకుని బడిమీదికొచ్చారు. ఆ దెబ్బతో ఆయన కూడా అత్తగారి పంచనే చేరాడు.

వైశాఖమాసంలో, పంట ముమ్మరంగా ఉన్నప్పుడు, శాస్త్రిగారు పల్లకీ దిగి పిల్లల్ని పరీక్షించడానికొచ్చాడు.

"ఏదీ, మొదటి పాఠం చదువమ్మా" అన్నాడు గవరమ్మతో.

గవరమ్మ పుస్తకం చూసింది. ఓసారి ఆకాశం వైపు చూసింది. "అత్తగారు కురిసెను" అని తడుముకోకుండా చదివింది.

శాస్త్రిగారు చెవిలో వేలు పెట్టి తిప్పుకున్నాడు. "ఏమిటీ? మళ్ళీ చదువు!"

"అత్తగారు కురిసెనండీ. జనులు ఆనందించిరండీ." అక్కడ ఆగి, "ఎందుకండీ? వాళ్ళకేం పోయేకాలం?" అంది.

ఇరవైముగ్గురు పిల్లలూ వరసగా అలాగే చదివారు. అందులో మర్యాద తెలిసిన ఒక పిల్లాడైతే "అత్తగారు కురిసినారండీ" అన్నాడు. అయ్యవారు భయంతో గోడవారకి నక్కాడు. శాస్త్రిగారు ఊరి పెద్దని పిలిచి నిలదీశాడు.

"ఈ రెండక్షరాలూ ఏమిటయ్యా? నీకైనా తెలుసా?"

"అయ్యవారు చదువుతుంటే విన్నానండి, తెలుసండి. ఇప్పుడు చెప్పకూడదండి."

"మరెప్పుడు చెబుతావ్?"

"ఆవిడొచ్చాక చెబుతానండి."

"ఎవరయ్యా ఆవిడ?"

"అత్తగారండి."

శాస్త్రిగారు ఒక్క ఉదుటున పల్లకీ ఎక్కాడు.

రాజసభలో ఆయన ఈ వైనమంతా చెబుతుంటే సభ గొల్లుమంది. పేరన్నకీ నవ్వొచ్చింది కానీ, మరుక్షణమే ఆపేసుకున్నాడు. ఎందుకంటే రాజుగారు నవ్వడం లేదు. మీసం పీకి పీకి వదిలిపెడుతున్నాడు.

"రెండక్షరాల మాట చదవలేని మొద్దులకి బడి ఎందుకు? నా పుస్తకానికే అవమానం! పేరన్నా, శాసనం రాయి."

"ప్రభూ, ఒక్క మనవి. ఆ ఊరివాళ్ళ పద్ధతి..."

"మనవి లేదు, గినవి లేదు. రాయి! రాసి ఉన్న మాటని ఉన్నదున్నట్టు పైకి చదవనివాడు నిరక్షరకుక్షి. అలాంటివాడి గంటం లాగేసుకోవాలి. వాడు చదివే బడి పదిరోజుల్లో మూసెయ్యాలి."

పేరన్న తాటాకు మీద గంటం ఆపాడు. "ఇది చవుటపాలెం వరకేనా ప్రభూ, రాజ్యమంతటికీనా?"

"అంతటికీ!"

"పెద్దా చిన్నా తేడా ఏమైనా..."

"తేడాయా? ధర్మానికి తేడా ఏమిటి? ఎంతటివాడైనా సరే అని రాయి! ముద్ర వేస్తాను."

పేరన్న ఆ 'ఎంతటివాడైనా' అన్న మాటని కాస్త పెద్ద అక్షరాలతోనే రాశాడు.

మర్నాడు, బడి మూసేస్తారన్న కబురు తెలిసి, ముత్యాలు కూతుర్ని వెంటబెట్టుకుని తమ్ముడి ఇంటికొచ్చింది. గుమ్మంలోనే కూలబడి, "ఏరా, ఇంకా నా మొగుడి ఉత్తరాలు ఊరంతా వినాల్సిందేనా?" అని కళ్ళొత్తుకుంది.

గవరమ్మ మాత్రం ఏడవలేదు. కోపంగా ఉంది. "నేను సరిగ్గానే చదివాను మావయ్యా. నాకా మాట రాదనుకున్నాడా ఆ తాత?" అని వాకిట్లో ముగ్గుపిండి తీసుకుని వంకర లేకుండా 'వాన' అని రాసింది. రాసి, ఎవరైనా చూస్తారేమోనని గబగబా చేత్తో చెరిపేసింది. "రాయొచ్చు. పలక్కూడదు. అంతే కదా!"

పేరన్న ఆ పిల్ల చేతికంటిన పిండి తుడిచాడు. "నువ్వు నిశ్చింతగా ఉండమ్మా. ఆ తాత సంగతి నేను చూస్తాగా" అన్నాడే కానీ, ఎలా చూడాలో అతనికీ తెలీదు.

ఆ సాయంత్రం ఎప్పటిలాగే రాజుగారు రత్నాంబారాణితో చదరంగానికి కూర్చున్నాడు. రాణిగారు ఎప్పటిలాగే గెలిచింది. రాజుగారు ఎప్పటిలాగే, "రాసుకో పేరన్నా, ఇవాళ మా విజయం వాయిదా పడింది" అన్నాడు.

ఇది ఆ వంశంలో ఆచారం. రాజుగారి తాత ఏదో యుద్ధంలో వెన్నిచ్చి ఇంటికొచ్చి, ఓటమి అనే మాట ఈ కోటలో వినపడకూడదని ఆజ్ఞాపించాడట. అప్పట్నుంచీ అక్కడ ఎవరూ ఓడరు. విజయాలు వాయిదా పడుతుంటాయంతే.

ఏళ్ళ తరబడి రాస్తున్న మాటే. పేరన్న గంటం ఎత్తి, సగంలో ఆగిపోయాడు. అతని మొహం మతాబాలా వెలిగిపోయింది.

మర్నాడు నిండుసభలో లేచి నిలబడ్డాడు. "ప్రభూ, శాసనం ఊరూరా చాటించేముందు, ఉన్నదున్నట్టు చదవడమంటే ఏమిటో సభవారికి ఓసారి చూపిస్తే బాగుంటుంది. ఆ చదివేది శాస్త్రిగారైతే..."

"భేష్!" అన్నాడు రాజు. శాస్త్రిగారు ఉత్తరీయం సవరించుకుని, గొంతు సవరించుకుని, చెయ్యి చాచాడు. పేరన్న ఒక తాటాకు అందించాడు. ఒకటే వాక్యం ఉంది అందులో.

"నిన్న సాయంకాలము చదరంగమున ఉద్దండభూపాలుడు..." అని గంటకొట్టినట్టు చదువుతూ వచ్చిన శాస్త్రిగారు ఠక్కున ఆగిపోయాడు. మింగుడుపడనట్టు గుటకలు వేశాడు. చివరికి, "...విజయమును వాయిదా వేసెను" అన్నాడు.

"అన్ని అక్షరాలు లేవే అక్కడ? మూడే కదా రాశాను!" అన్నాడు పేరన్న. "మళ్ళీ చదవండి శాస్త్రిగారూ."

"వి... విజయమును..."

"అయ్యయ్యో! మూడక్షరాల మాటండీ. పిల్లలు చదివేస్తారు."

శాస్త్రిగారి ఒంటిమీది గంధం చెమటకి ధారలు కట్టింది. రాజుగారికి విసుగొచ్చేసింది. "ఏమిటా నసుగుడు! ఇలా తెండి!" అని తాటాకు లాక్కుని, మూడో ఏట చదువొచ్చిన ఠీవితో మొదలుపెట్టాడు. "నిన్న సాయంకాలము చదరంగమున ఉద్దండభూపాలుడు..."

అక్కడ రాసి ఉన్న మాట 'ఓడెను'. రాజుగారు దగ్గాడు. పైకప్పు వైపు చూశాడు.

"...విజయమును వాయిదా వేసెను" అన్నాడు నెమ్మదిగా.

పేరన్న రెండు చేతులూ చాచి వంగి నిలబడ్డాడు. "ప్రభువులు మన్నించాలి. తమ గంటమూ, శాస్త్రిగారి గంటమూ ఇప్పించండి. తమరు చదివిన బడి కూడా మూయించాలి. ఎంతటివాడైనా సరే అని తమ ముద్రే ఉంది."

"పేరన్నా!" రాజుగారు సింహాసనం మీంచి లేచాడు. "నన్ను నిరక్షరకుక్షి అంటావా? ఆ మాట నాకు రాకనా? మా వంశంలో అది పలకకూడదు, అందుకని!"

"అవును ప్రభూ. చవుటపాలెంలో వాన పలకకూడదు, అందుకని."

రాజుగారు మళ్ళీ సింహాసనంలో చతికిలబడ్డాడు.

పేరన్న అక్కడితో ఆగలేదు. "ఉప్పు మళ్ళకి వానంటే చావు ప్రభూ. ఆ నాలుగు నెలలూ దాన్ని పేరు పెట్టి పిలవరు, అత్తగారంటారు. మా మేనకోడలికి ఆ మాట చదవడమూ వచ్చు, రాయడమూ వచ్చు. శాస్త్రిగారూ, మీ సతీమణిగారు మీ పేరు ఎప్పుడైనా పలికారా? పలకలేదని మీరెవరో ఆవిడకి తెలీదంటామా? పూలపందిరి కింద కూర్చుంటే వానకి జనులు ఆనందించిరి అనిపిస్తుంది. మళ్ళలో నిలబడి రాస్తే జనులు లబోదిబోమనిరి అని రాసేవారు. పిల్లలు బడికొచ్చేటప్పుడు తమ ఇంటినీ ఊరినీ గుమ్మం బయట విడిచి రాలేరు ప్రభూ. మనం విడిచామా?"

పేరన్న తల ఉంటుందో ఊడుతుందోనని అందరూ రాజుగారి వైపే చూశారు. అప్పుడు రాజుగారి పక్కనుంచి కిలకిలా నవ్వు వినపడింది. రత్నాంబారాణి కళ్ళనీళ్ళొచ్చేలా నవ్వుతోంది.

"ముప్ఫై ఏళ్ళుగా గెలుస్తున్నాను" అంది ఆవిడ, కొంగుతో కళ్ళు తుడుచుకుంటూ. "గెలిచానని ఒక్కరోజు, ఒక్కసారైనా మీ నోట విన్నానా?"

రాజుగారు రాణివైపు చూశాడు, చేతిలో తాటాకు వైపు చూశాడు. చెవులు ఎర్రబడ్డాయి. బుగ్గలు ఉబ్బాయి. ఇక పేరన్న పని సరి అనుకున్నారంతా. కానీ ఆ ఉబ్బిన బుగ్గల్లోంచి నవ్వు తన్నుకొచ్చింది. పొట్ట పట్టుకుని నవ్వాడు. నవ్వి నవ్వి, ఆయాసపడుతూ తాటాకు మొహానికెదురుగా పెట్టుకుని కోట దద్దరిల్లేలా చదివాడు.

"ఉద్దండభూపాలుడు ఓడెను! ఓడెను! రత్నాంబా, నీ చేతిలో ఓడానే! పేరన్నా, నీ చేతిలోనూ ఓడానయ్యా! ఏం, ఇప్పుడు నాకు చదువొచ్చినట్టేనా?"

"ఉన్నదున్నట్టు చదివారు ప్రభూ. గంటం తమ దగ్గరే ఉంచుకోవచ్చు."

శాసనం అక్కడికక్కడే చింపించాడు. మెడలో ముత్యాలహారం తీసి పేరన్న మెడలో వేశాడు. శాస్త్రిగారు ఇకమీదట ఏ ఊరికి పాఠం రాసినా, ముందు ఆ ఊళ్ళో ఆరు నెలలు ఉండి, వాళ్ళతో పని చేసి, వాళ్ళు తినేది తిని రాయాలన్నాడు. శాస్త్రిగారు మొదట గొణుక్కున్నాడు కానీ, పోగా పోగా ఉప్పుచేప రుచి చూడకపోయినా ఉప్పు మళ్ళు తొక్కడం నేర్చుకున్నాడని అంటారు. చవుటపాలెం పరీక్షని శ్రావణమాసానికి మార్చారు.

శ్రావణంలో రాజుగారే స్వయంగా వెళ్ళాడు. కుండపోతగా కురుస్తోంది. పంట ఎప్పుడో ఇళ్ళకి చేరిపోయింది, ఇక భయం లేదు. నాలుగు నెలలుగా నోట్లో దాచుకున్న మాట కదా, ఇరవైముగ్గురు పిల్లలూ బడి తాటాకులు ఎగిరిపోయేలా "వాన కురిసెను!" అని అరిచారు. రాజుగారు చెవులు మూసుకుని నవ్వాడు.

ఆ వారంలోనే ముత్యాలు మొగుడి దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. వంటింట్లో పొయ్యి దగ్గర తల్లిని కూర్చోబెట్టి, గవరమ్మ చెవి దగ్గర నోరు పెట్టి మొదట్నుంచి చివరిదాకా చదివింది. ముత్యాలు సిగ్గుపడిందనీ, నవ్విందనీ మాత్రం తెలుసు. అందులో ఏం రాసి ఉందో కరణంగారికి తెలీదు, రాజుగారికి తెలీదు, ఇంత కథ చెప్పిన నాకూ తెలీదు.