పిండిమర వాళ్ళ గ్రనాడా ప్రయాణం

పెద్దాపురంలో పిండిమర సందులోకి తిరిగితే, తెలివికి ఏ లోటూ లేని ఇల్లు ఒకటుంది. ఈ మాట ఊళ్ళోవాళ్ళు అనరు. ఆ ఇంటివాళ్ళే అంటారు. యజమాని కోదండం, పిండిమర ఆయనదే. భార్య రత్నాంగి. ఆవిడ తమ్ముడు పానకాలు మరలో బస్తాలెత్తుతాడు, భోజనం అక్కగారింట్లోనే.

"లోకం ఎందుకు చెడిపోతోందో తెలుసా?" అనేవాడు కోదండం, మీసాల మీది పిండి దులుపుకుంటూ. "చెప్పింది వినరు. విన్నా సగమే చేస్తారు. మనింట్లో అలాక్కాదు. ఎంత చెబితే అంత. గింజ ఎక్కువ లేదు, గింజ తక్కువ లేదు."

నిజమే మరి. ఆరేళ్ళ కిందట మర వెనక గోడ కట్టాలని సిమెంటు కొన్నారు. బస్తా మీద ‘తడి తగలనివ్వరాదు’ అని రాసుంది. అంతే. ఈ రోజుకీ ఒక్క నీటిబొట్టు తగలనివ్వలేదు. గోడ లేదనుకోండి, అది వేరే సంగతి.

రత్నాంగికి ముగ్గులంటే ప్రాణం. పదకొండేళ్ళ కిందట టైల్స్ కొట్టువాళ్ళు ఒక క్యాలెండరు ఇచ్చారు. దాని మీద ఏదో పాత రాజమందిరం గోడ, గోడ నిండా నక్షత్రాలు, ఒక గీతలోంచి ఇంకో గీత పుట్టుకొచ్చే ముగ్గు. కింద ‘గ్రనాడా, స్పెయిన్’ అని ఉంది. వచ్చిన చిక్కల్లా ఏమిటంటే, ముగ్గు సగంలో ఉండగానే కాగితం అయిపోయింది. ఆ రెండో సగం ఎటు తిరుగుతుందో, అసలు ఎన్ని చుక్కలు పెట్టాలో, పదకొండేళ్ళుగా వాకిట్లో వేస్తోంది, చెరుపుతోంది. తేలలేదు.

"ఏవండీ, ఆ రెండో సగం ఒక్కసారి కళ్ళారా చూస్తే చాలండీ" అంది ఒక రోజు. "ఇంక నేనేం అడగను."

కోదండం మర ఆపేశాడు. పెళ్ళయ్యాక ఆవిడ నోరు తెరిచి అడిగింది అదొక్కటే. "చూపిస్తాను రత్నం" అన్నాడు. అన్నాక చెయ్యాలిగా.

కాకినాడలో ప్రసూనాంబగారని, ట్రావెల్స్ ఆఫీసు నడిపే ఆవిడ ఉంది. మంచి ఓపిక మనిషి, అప్పటికింకా. ముగ్గుర్నీ కూర్చోబెట్టి వివరంగా చెప్పింది.

"నాలుగు రోజులు చాలండి. రాజమందిరం టికెట్ నేను ముందే తీసుంచుతాను. దాని మీద రోజూ, టైమూ ఉంటాయి. ఆ పూట పోతే మళ్ళీ దొరకడం కష్టం. ముందు వీసా. ఫోటో వెనక తెల్లగా ఉండాలి, చెవులు కనబడాలి, నవ్వకూడదు. వీసా ఆఫీసుకి వెళ్ళినప్పుడు మనిషి ఫోటోలో ఉన్నట్టే ఉండాలి సుమండీ, తేడా ఉంటే తిప్పి పంపేస్తారు."

ఇంకేముంది. హైదరాబాదులో ఆ ఆఫీసు మెట్లెక్కుతూ కోదండం, రత్నాంగి ముందు నడిచారు. వెనక పానకాలు తెల్ల దుప్పటి రెండు చేతులా ఎత్తిపట్టుకుని నడిచాడు.

"మరి నా వెనకో, బావా?" అన్నాడు సగం మెట్లెక్కాక.

అదీ నిజమే. వాడూ ప్రయాణికుడే కదా. గుమ్మం దగ్గరి కాపలాదారుని బతిమాలి, రెండో దుప్పటి ఆయన చేతికిచ్చారు. చెవులు బయటపెట్టుకుని, చావింటికొచ్చినట్టు మొహాలు పెట్టుకుని కౌంటరు ముందు నిలబడ్డారు. లోపలాయన ఫోటోలు చూశాడు, మనుషుల్ని చూశాడు, మళ్ళీ ఫోటోలు చూశాడు. తేడా ఏమీ లేదు. పది రోజుల్లో వీసాలు వచ్చేశాయి.

"చూశావురా పానకాలూ! చెప్పింది చెప్పినట్టు చేస్తే పని ఎలా అవుతుందో?" అన్నాడు కోదండం. అప్పటికీ నవ్వలేదు. నవ్వొచ్చని ఎవరూ చెప్పలేదు మరి.

ఆ తరవాత సామాను. "చేతిసంచీ మనిషికి ఏడు కిలోలు" అంది ప్రసూనాంబగారు ఫోన్లో. మరలో కాటా ఉండనే ఉంది. కోదండం సంచీ ఏడుకి సరిపోయింది, పానకాలుదీ సరిపోయింది. రత్నాంగి చీరలన్నీ పెట్టినా ముల్లు నాలుగుంపావు దాటదే!

"తగ్గిపోయిందండీ! ఇప్పుడెలా?"

"కంగారు పడకు. సన్నికల్లు మీది పొత్రం తీసుకురా."

పొత్రం రెండున్నర కిలోలు తూగింది. ఆ పైన పావుకిలో చింతపండు పడేస్తే ఏడంటే ఏడు.

ఎయిర్‌పోర్టులో తనిఖీ చేసే ఆయన సంచీలోంచి పొత్రం బయటికి తీసి, అటూ ఇటూ తిప్పి చూశాడు.

"ఏంటమ్మా ఇది?"

"రెండున్నర కిలోలండి."

"అది కాదమ్మా. విమానంలోకి ఎందుకు?"

"ఏడు చెయ్యడానికండి."

ఆయన పొత్రం పక్కన పెట్టేశాడు. అంతే. తూకం మళ్ళీ నాలుగున్నరకి పడిపోయింది. పానకాలు ఊరుకుంటాడా? ఆయన బల్ల మీది ప్లాస్టిక్ ట్రేలు మూడు గబగబా సంచీలోకి తోశాడు. ఇంకేముంది, పెద్దాఫీసరు వచ్చాడు, ఆయన పైఆఫీసరు వచ్చాడు. అందరికీ ఏడు కిలోల సంగతి మొదట్నుంచీ చెప్పాల్సి వచ్చింది. విమానం తలుపు వేసే ముందు ఎవరికి విసుగొచ్చిందో గానీ వదిలేశారు. రత్నాంగి మాత్రం దారి పొడుగునా తేలిగ్గా ఉన్న సంచీని చూసుకుని భయపడుతూనే ఉంది.

గ్రనాడా చేరారు. ఆ ఊరి సందులు మన జంతికల్లా ఉంటాయి, ఎటు పోతున్నాయో వాటికే తెలీదు. రాజమందిరం టికెట్ రెండో రోజు సాయంత్రం నాలుగింటికి. "దారి తెలీకపోతే ఎవర్నైనా అడగండి, వాళ్ళు చూపించినట్టే వెళ్ళండి" అని ప్రసూనాంబగారు చెప్పే ఉంది. పొద్దున్నే బయల్దేరి, ఒక ముసలావిడకి టికెట్ మీది బొమ్మ చూపించారు. ఆవిడ చెయ్యి తిన్నగా చాపింది.

పదడుగులు వేశారో లేదో, సందు ఎడమకి తిరిగింది.

"బావా, సందు తిరిగిందే!"

"సందు తిరిగితే మనకేం? ఆవిడ చెయ్యి తిరిగిందా?"

అంతే. తిన్నగా వెళ్ళారు. తిన్నగా ఒక ఇల్లుంది, తలుపు తీసే ఉంది. లోపల నలుగురు టిఫిన్ చేస్తున్నారు. నమస్కారం పెట్టి వాళ్ళ వంటింట్లోంచి పెరట్లోకి, పెరటి గోడెక్కి పక్కింటి పడగ్గదిలోకి దిగారు. అక్కడెవరో పడుకుని ఉన్నాడు, చప్పుడు చెయ్యకుండా దాటారు. మూడో ఇంటి గోడ మీద ముగ్గురూ వరసగా కూర్చుని ఉండగా కింద ఒక కుక్క, ఆ కుక్క పక్కన ఒక పోలీసు కనిపించారు. పోలీసు వాళ్ళ కాగితాల మీదున్న నంబరు చూసి కాకినాడకి ఫోన్ చేశాడు. ప్రసూనాంబగారు ఆయన్ని శాంతపరిచి, ఫోన్ కోదండానికి ఇమ్మంది.

"కోదండంగారూ! నా మాట వినండి. మీరింక ఎవర్నీ ఏదీ అడగొద్దు. పోలీసాయనే మిమ్మల్ని రాజమందిరం దగ్గర దింపుతాడు. అక్కడ గైడు పచ్చ గొడుగు పట్టుకుని ఉంటాడు. నేను మళ్ళీ ఫోన్ చేసేదాకా ఆ గొడుగు మీంచి చూపు పక్కకి తిప్పారో, నేను మనిషిని కాను!"

"ఎంతమాట! తిప్పమండి" అన్నాడు కోదండం.

నాలుగింటికి లోపలికి వెళ్ళారు. ముందు ఫెర్మీన్ అనే గైడు, ఆయన నెత్తి మీద పచ్చ గొడుగు, వెనక ఇరవైమంది. అందులో పదిహేడుమంది తలలెత్తి గోడలు చూస్తూ ఓహో, ఆహా అంటున్నారు. ముగ్గురు మాత్రం గొడుగు చూస్తున్నారు.

"ఏవండీ, కుడివైపు ఏదో నీలంగా మెరుస్తోందండీ" అంది రత్నాంగి.

"చూడకు."

"ఒక్క కొస చూస్తానండీ. నక్షత్రంలా ఉంది."

"పదకొండేళ్ళు ఆగావు. ఇంకాసేపు ఆగలేవా? ముందు చెప్పింది చేద్దాం, తరవాత నీ ముగ్గు" అన్నాడు కోదండం, గొడుగుకేసి చూస్తూనే.

గదులు అయిపోయాయి, తోటలు అయిపోయాయి, గేటు వచ్చింది. ఫెర్మీన్ అందరికీ దణ్ణం పెట్టి, గొడుగు ముడిచి బస్సెక్కాడు. ఇంకేముంది, వీళ్ళూ ఎక్కారు. ఆయన దిగితే దిగారు. ఇంటి తాళం తీసి వెనక్కి తిరిగేసరికి, చంకలోని గొడుగుకేసి రెప్పవెయ్యకుండా చూస్తూ ముగ్గురు మనుషులు!

ఫెర్మీన్ మంచివాడు. కూర్చోబెట్టి, తెలుగు పలికే ఫోను ముందు పెట్టాడు. "గోడలు నచ్చాయా?" అంది ఫోను.

"గోడలు చూసే తీరిక ఎక్కడిది నాయనా" అంది రత్నాంగి. ఆ తరవాత క్యాలెండరు సంగతి, సగం ముగ్గు సంగతి, మర్నాటి పదకొండింటి తిరుగు రైలు సంగతి అంతా చెప్పుకుంది. చెబుతుంటే ఆవిడకి కన్నీళ్ళు వచ్చాయి, అయినా గొడుగు మీంచి చూపు తిప్పలేదు. ఫెర్మీన్ నుదురు కొట్టుకున్నాడు.

"రేపు పొద్దున్న తొమ్మిదికి రండి. మీ రైలు పదకొండుకి కదా? నేనే దగ్గరుండి లోపలికి తీసుకెళ్తాను. ఈ గొడుగుంటే మీరు గోడలు చూడరు. అందుకని గొడుగు ఇంట్లోనే వదిలేస్తాను" అంది ఫోను.

ఇంతలో ప్రసూనాంబగారు ఫోన్ చేసి, ఇవాళ్టికి చూసింది చాలు, గదికెళ్ళి పడుకోమని, రేపు మళ్ళీ ఆ గొడుగు ఎక్కడుంటే అక్కడే ఉండమని చెప్పింది. రత్నాంగి ఆ రాత్రి నిద్రపోలేదు. తెల్లారి పట్టుచీర కట్టుకుంది, చుక్కలు లెక్కపెట్టి గీసుకోవడానికి కాగితం, పెన్సిలు పట్టుకుంది.

సరిగ్గా తొమ్మిదికి ఫెర్మీన్ రాజమందిరం గేటు దగ్గర ఖాళీ చేతులతో నిలబడి, వచ్చే ప్రతి బస్సునీ చూస్తున్నాడు.

సరిగ్గా తొమ్మిదికి ముగ్గురూ ఫెర్మీన్ ఇంటి తలుపు కొట్టారు. ఆయన భార్య తలుపు తీసి, ఆయన గేటు దగ్గరికి వెళ్ళాడని చేతులతో చూపించింది.

"ఆయన సంగతి సరేనమ్మా. గొడుగు ఉందా?" అన్నాడు కోదండం, గొడుగు పట్టుకున్నట్టు పిడికిలి బిగించి.

ఆవిడ మూల చూపించింది. ఉంది. ముగ్గురూ తేలిగ్గా ఊపిరి పీల్చుకుని దాని ఎదురుగా వరసగా కూర్చున్నారు. ఆవిడ కాఫీ ఇచ్చింది. తొమ్మిదిన్నరయింది. పదయింది. పదింపావు.

రత్నాంగి ఒళ్ళో కాగితం సర్దుకుని, పెన్సిలు మొన చూసుకుంది. "ఏవండీ, ఇంకా గోడలు రావేమండీ?"

"తొందరపడకే" అన్నాడు కోదండం. "ముందు గొడుగు కదలనీ."