ఏకాహంలో లోకనాథం వంతు

గవిరినాయుడు గారిని ఎవరైనా ఏదైనా అడిగితే, ఆయన ముందు "అన్నం తిన్నావేటి?" అంటారు. తినలేదంటే విస్తరేయిస్తారు. తిన్నానంటే చేతికి భజన తాళాలిచ్చి కూర్చోబెడతారు. అడిగినదానికి జవాబు మాత్రం ఆ రోజుకి రాదు. బొబ్బిలి చుట్టుపక్కల ఊళ్ళలో భజన పాడేవాళ్ళలో సగం మంది ఆయన శిష్యులే, ఆయన తీరు వాళ్ళందరికీ తెలుసు, అయినా అడగడం మానరు. ఏదో ఒక రోజు, ఏదో ఒక పనిలో ఉండగా ఆ జవాబు వచ్చి తీరుతుందని వాళ్ళ నమ్మకం. ఈలోగా అడిగినవాడు తన ప్రశ్నని తనే మరిచిపోవడం కూడా కద్దు.

లోకనాథం తెచ్చింది అలా మరిచిపోయే ప్రశ్న కాదు.

"గురువుగారూ, నా ఛానల్ అయిపోయినట్టేనేటండి?" అన్నాడు ఒక ఆదివారం పొద్దున్న, ఆయన వాకిట్లో చెప్పులు విప్పుతూనే.

లోకనాథం కంప్యూటర్లో ఆటలాడుతూ, ఆ ఆటకి తనే వ్యాఖ్యానం చెబుతూ వీడియోలు పెట్టే మనిషి. ఛానల్ పేరు "ఆటాడుదామేటి". స్నేహితుడు దాలినాయుడితో కలిసి, మిఠాయికొట్టు మీది గదిలో, ఫ్యాను ఆపితే ఉక్క, వేస్తే మైకులో హోరు అనే అవస్థలో మొదలుపెట్టాడు. పదేళ్ళు దాటిపోయింది. ఆటలో దాలి ముందూ వెనకా చూడకుండా పరిగెత్తి చచ్చిపోవడం, లోకనాథం వాణ్ణి తిట్టుకుంటూ వెనక్కి వెళ్ళి బతికించుకురావడం, ఇదీ వాళ్ళ వరస. రాకాసుల కోటల్లోనూ మంచుకొండల మీదా ఇద్దరు మనుషులు అచ్చమైన బొబ్బిలి మాటల్లో పోట్లాడుకుంటుంటే జనం విరగబడి చూశారు. గవిరినాయుడు గారు కూడా ఒకసారి చూసి, "ఆడుకోడానికి ఇంత అరవాలేటిరా?" అని ఆశ్చర్యపోయారు. తరవాత నవ్వి, "ఊపిరి మాత్రం బాగా పట్టేవు" అని మెచ్చుకున్నారు. ఊపిరి పట్టడం నేర్పింది ఆయనే మరి. అల్లరి భరించలేక తండ్రి చిన్నప్పుడే లోకనాథాన్ని తీసుకొచ్చి ఆయన భజనలో పడేశాడు.

ఇప్పుడా వరస చెడింది. దాలికి రాయగడలో రైల్వే ఉద్యోగం వచ్చింది, పెళ్ళయింది, పాప పుట్టింది. మొదట్లో సెలవులకి వచ్చి ఆడేవాడు, తరవాత ఫోన్లోనే ఆడాడు, ఆ తరవాత అదీ లేదు. లోకనాథానికి స్నేహితుడి మీద కోపమని చెప్పలేం గానీ, రాయగడ పేరు వినబడితే మొహం ముడుచుకునేవాడు. ఒక్కడే ఆడటం మొదలుపెట్టాక చూసేవాళ్ళు తగ్గారు. తగ్గినకొద్దీ అతను గొంతు పెంచాడు. ఇద్దరి మాటలూ తనే మాట్లాడాడు, నవ్వు రానిచోట కూడా నవ్వాడు. వీడియో పెట్టిన మరుక్షణం నుంచి ఎంతమంది చూశారన్న ఒక్క అంకె వంకే చూస్తూ కూర్చునేవాడు. కింద ఎవరో ఒకరు "అన్నా, ఛానల్ ఆపేస్తున్నారా?" అని అడిగేవారు. ఆ మాట కంటబడగానే ఫోన్ బోర్లించేసేవాడు.

ఆపేస్తున్నానని చెప్పే వీడియో ఒకటి తీశాడు, చెరిపేశాడు, మళ్ళీ తీశాడు. పెట్టలేకపోయాడు. పెట్టకుండా ఉండనూ లేకపోయాడు. బతుకుతెరువు కోసమే అయితే మేనమామ రాజాంలో కొట్టు చూసుకోమని ఎప్పటినుంచో పిలుస్తున్నాడు. బెంగ అది కాదు. ఈ గొంతు లేకపోతే తను ఎవరికైనా ఏమైనా అవుతాడా అన్నది అతని బెంగ. ఇన్నేళ్ళూ గదిలో కూర్చుని గోడకి చెప్పుకున్నానేమోనన్న భయం పట్టుకుంది.

ఇదంతా వాకిట్లో నిలబడే చెప్పాడు. గవిరినాయుడు గారు ఆసాంతం విని, "అన్నం తిన్నావేటి?" అన్నారు.

"తిన్నానండి."

"అయితే తాళాలు తీసుకో. చినవలసలో ఏకాహం. మజ్జానం వంతు మనది. నా గొంతు బాగునేదు, ముందుండి నువ్వే పాడాలి."

ఏకాహమంటే ఏమిటో చెప్పనక్కర్లేదు గానీ, వంతు మారడం గురించి ఒక్క మాట చెప్పుకోవాలి. పొద్దు పొడిచినప్పటి నుంచి మర్నాడు పొద్దు పొడిచేదాకా రామనామం తెగకూడదు. మధ్యలో దీపం, దాని చుట్టూ తిరుగుతూ పాడేవాళ్ళు. ముందున్నవాడు ఒక వరస అంటాడు, వెనకవాళ్ళు అందుకుంటారు. ఒక ఊరి జట్టు అలిసే వేళకి ఇంకో ఊరి జట్టు వస్తుంది. పాతవాళ్ళు ఆపాక కొత్తవాళ్ళు మొదలుపెట్టడం ఉండదు. కొత్తవాళ్ళు మెల్లగా వచ్చి వెనక కలిసి, అడుగులో అడుగేసి, తాళం పట్టుకుంటారు. అప్పుడు ముందున్న పాటగాడు గొంతు కొంచెం దించాలి, ఇంకొంచెం దించాలి. చివరికి అతని తాళాలు మాత్రమే వినబడుతూ, పాట అవతలివాళ్ళ గొంతులోకి వెళ్ళిపోతుంది. బాగా కుదిరిందంటే, పక్కనే కూర్చున్నవాడు కూడా ఎక్కడ ఒకరు మానారో ఎక్కడ ఇంకొకరు ఎత్తుకున్నారో చెప్పలేడు. పై స్థాయిలో పాడటం ఆరు నెలల్లో వస్తుంది, ఇలా దించడం ఎప్పటికి వస్తుందో చెప్పలేమని గవిరినాయుడు గారు అంటూంటారు. వంతు దిగినవాడు తిన్నగా భోజనానికి పోకూడదు, కాసేపైనా కూర్చుని వినాలన్నది కూడా ఆయన పెట్టిన నియమమే.

చినవలస రామమందిరంలో మధ్యాహ్నం వంతంటే ఎవరికీ ఇష్టం ఉండదు. పొద్దున్న పెద్దలుంటారు, సాయంత్రం ఊరంతా ఉంటుంది. మధ్యాహ్నం అందరూ భోజనాల దగ్గర ఉంటారు. లోకనాథం పాట ఎత్తుకునేసరికి చాపలు ఖాళీగా ఉన్నాయి. స్తంభం వారన ఒక పెద్దాయన తువ్వాలు మొహం మీద వేసుకుని పడుకున్నాడు. గడప దగ్గర ఒక ముసలమ్మ బంతిపూలు గుచ్చుతోంది. పక్క పాకలో వంటవాడు గుండిగలో పప్పు కలుపుతున్నాడు. ఇంతే.

ఖాళీ చాపలు చూడగానే లోకనాథానికి తన గది గుర్తొచ్చింది. అలవాటు కొద్దీ గొంతు పెంచాడు. అయినా ఎవరూ రాలేదు. ఇంకా పెంచాడు. తాళాలు కూడా గట్టిగా వేశాడు. అతని వెనక తిరుగుతున్న జట్టువాళ్ళకి ఇంతింత కేకలెందుకో అర్థం కాలేదు, మరి ముందున్నవాడు ఎలా పాడితే అలా అందుకోవాలి కాబట్టి వాళ్ళూ చొక్కాలు తడిసేలా అరిచారు. గవిరినాయుడు గారు గోడకి ఆనుకుని కళ్ళు మూసుకుని కూర్చున్నారు.

అంతలో తరవాతి వంతువాళ్ళు వచ్చారు. పెదవలస ఆడవాళ్ళ జట్టు, ముందు రాజులమ్మ అనే నడివయసు మనిషి. చేతుల్లో చిడతలతో వచ్చి వెనక కలిసి నడవడం మొదలుపెట్టారు. లోకనాథం చూశాడు. చూసి గొంతు దించాల్సింది పోయి, దించలేదు. తను దించితే, వీళ్ళు సమయానికి అందుకోకపోతే, మధ్యలో నామం తెగితే ఎలా అని తనకి తను చెప్పుకున్నాడు. కొంత నిజం. ఖాళీ మందిరంలో తన గొంతు కూడా తగ్గిపోతే ఇక ఏం మిగులుతుందన్న భయం దాని వెనక ఉంది, అదీ నిజమే. దీపం చుట్టూ తిరిగాడు, మళ్ళీ తిరిగాడు. వెనక రాజులమ్మ పెదవులు కదులుతున్నాయి, మాట మాత్రం అతనికి వినబడటం లేదు. ఈవిడకి శ్రుతి అందడం లేదు కాబోలు, ఇంకాస్త గట్టిగా అందిద్దామనుకుని మరింత పైకెత్తాడు.

అక్కడ గొంతు పట్టేసింది.

దగ్గు తెర కమ్ముకొచ్చింది. నోరు తెరిచాడు గానీ జీర తప్ప మాట రాలేదు. పొద్దుటినుంచి ఎన్ని ఊళ్ళవాళ్ళో చేతులు మారుస్తూ జాగ్రత్తగా తెచ్చిన నామం, తన నోట్లో, తన వల్ల తెగిపోయిందనుకున్నాడు.

కానీ నామం తెగలేదు. పాట నడుస్తూనే ఉంది. అతను అనాల్సిన వరసని ఆడవాళ్ళు అంటున్నారు. అప్పటికప్పుడు అందుకున్న గొంతులు కావవి, కుదురుగా, తాపీగా, ఎంతోసేపటి నుంచి పాడుతున్న గొంతులు. స్తంభం దగ్గర పెద్దాయన నిద్రపోవడం లేదు, తువ్వాలు కింద ఆయన పెదవులు ఆడుతున్నాయి, పొట్ట మీద వేళ్ళు తాళం వేస్తున్నాయి. పూలు గుచ్చే ముసలమ్మ పువ్వుకొక నామం చొప్పున గొణుక్కుంటోంది. పాకలోంచి వంటవాడి బొంగురు గొంతు కూడా వస్తోంది. శ్రుతిలో లేదు గానీ వస్తోంది. ఇవన్నీ ఇప్పుడు మొదలైనవి కావని లోకనాథానికి తెలిసిపోయింది. ఇంతసేపూ ఉన్నాయి. తన గొంతు అడ్డంగా ఉండి తనకి వినబడలేదు.

రాజులమ్మ అతని పక్కనుంచి నడుస్తూ, పాట ఆపకుండానే వెనకున్నామెకి వరస అప్పజెప్పి, మెల్లగా అంది.

"కంగారుపడకు బాబూ. ఎప్పటినుంచో నీ ఎనకాల పాడతానే ఉన్నాం. నీకే ఇనబడనేదు."

లోకనాథం వలయంలోంచి బయటికొచ్చి చాప మీద కూర్చున్నాడు. ఎప్పుడైనా వంతు దిగాక ఈ కూర్చునే కాసేపూ ఫోన్లో అంకె చూసుకోవడానికే వాడుకునేవాడు. ఆ రోజు విన్నాడు. చిన్నప్పటి నుంచి వచ్చిన పాటే అది, అయినా బయట కూర్చుని వినడం అదే మొదలేమో అనిపించింది. వింటుంటే కళ్ళు తుడుచుకోవాల్సి వచ్చింది. సిగ్గుపడలేదు. ఇంత పెద్ద బరువు తనొక్కడే మోస్తున్నాననుకున్నందుకు నవ్వొచ్చింది కూడా.

చాలాసేపయ్యాక అరుగు మీదికి వచ్చి ఫోన్ తీశాడు. ఈసారి అంకె చూడలేదు, కింద జనం రాసుకున్నవి చదివాడు. ఆటలో మంచుకోట తలుపు తెరుచుకోవడం లేదని ఎవరో అడిగితే, పాలకొండ నుంచి ఒకాయన ఓపిగ్గా దారి చెప్పాడు, ఇంకొకరు అందులో తప్పు దిద్దారు, అక్కణ్ణుంచి వాళ్ళు ముగ్గురూ సొంత కబుర్లలో పడ్డారు. తండ్రి పోయాక వాళ్ళింట్లో మొదటిసారి నవ్వు వినబడింది ఈ వీడియోలు పెట్టుకున్నప్పుడేనని ఒకమ్మాయి రాసింది. సాలూరు నుంచి హైమావతి అనే ఆవిడ, "అన్నా, మిమ్మల్ని చూసే నేనూ మన మాటల్లో ఆట చెప్పడం మొదలుపెట్టాను, ఒకసారి నాతో కలిసి ఆడతారా?" అని అడిగింది. మళ్ళీ అడిగింది. జవాబు లేకపోయినా ప్రతి వీడియో కిందా నమస్కారం పెట్టి వెళ్ళింది. లోకనాథం ఆమె పేరు ఎప్పుడో చూశాడు. తనకి పోటీ వచ్చిందనుకుని దాటేశాడు.

ఇంకా కిందికి వెళితే దాలి ఉన్నాడు. ఆడటం మానిన దగ్గర్నుంచి ఒక్క వీడియో వదలకుండా రాశాడు. "ఆ మలుపులో నానుంటే సచ్చిపోదును గదరా" అని ఒకచోట. "మా పాప నీ గొంతింటే ఏడుపు మానేస్తంది" అని ఒకచోట. చాలాచోట్ల ఒకటే మాట: "చూస్తన్నానురా." లోకనాథం ఆ మాట మీద వేలు పెట్టి, అక్షరాలు అలుక్కుపోయేదాకా చూస్తూ కూర్చున్నాడు. కృతజ్ఞత అనే మాట అతను వీడియోల చివర ఎన్నిసార్లు అని ఉంటాడో లెక్కలేదు. ఎవరికి చెబుతున్నాడో మాత్రం అప్పుడే తెలిసింది.

భోజనాల పాకలో గవిరినాయుడు గారు చివరి పంక్తిలో కూర్చుని తింటున్నారు. లోకనాథం వెళ్ళి ఎదురుగా చతికిలబడ్డాడు. విస్తరి వేస్తామన్నా వద్దన్నాడు.

"ఇంతమంది ఉన్నారని నాకు తెలీదండి గురువుగారూ" అన్నాడు. గొంతు ఇంకా జీరగానే ఉంది. "ఈళ్ళందరూ అడుగుతున్నారు. నానేటి చెప్పాలి? అయిపోయిందనా, అవలేదనా?"

గవిరినాయుడు గారు మజ్జిగ పోయించుకుని, అన్నం కలుపుకుంటూ శిష్యుడి మొహం వంక చూశారు.

"అయిపోయిందో నేదో తరవాత చూసుకుందువు గాని. ఇన్నాళ్ళూ నీ కూడా పాడినోళ్ళకి ముందు దండమెట్టు."