అలల్లో దాచుకున్న పేరు

కామేశానికి గురువుగారి మీద అనుమానం పట్టుకుంది.

ఫలానా రోజు పట్టుకుందని చెప్పలేడు. అదీ లండన్ మంచు లాంటిదే. మొదట కిటికీ అవతల ఉంటుంది. కాసేపాగి చూస్తే గదిలో ఉంటుంది.

గురువు పేరు వాల్టర్ పెన్‌ఫోల్డ్. అరవై దాటిన మనిషి. కుర్రతనంలో బిస్కెట్ డబ్బాల మీద పూలు వేశాడు. సబ్బుల ప్రకటనలకి నవ్వే పిల్లల్ని వేశాడు. నవలలకి అట్టబొమ్మలు వేశాడు. ఆ తర్వాత ఒక రైలు కంపెనీ వాళ్ళు పిలిచి, సముద్రపు ఊళ్ళ బొమ్మలు వేసిపెట్టమన్నారు. అంతే, ముప్ఫయ్యేళ్ళు గడిచిపోయాయి. పని మీద ఒక ఊరికి బయల్దేరినవాడు, స్టేషన్ గోడ మీద ఆయన బొమ్మ చూసి, టిక్కెట్టు మార్చుకుని ఇంకో ఊరు పోయాడని చెప్పుకుంటారు.

అలాంటి బొమ్మే ఒకటి కాకినాడ రేవులో, కామేశం నాన్నగారు గుమాస్తాగిరీ చేసే ఓడల ఆఫీసు గోడ మీద ఉండేది. తెల్లటి కొండ. దాని కింద నీలం నీళ్ళు. ఒడ్డున పసుపు గౌనులో అటు తిరిగి నిలబడిన అమ్మాయి. ఆమె ఎప్పటికైనా ఇటు తిరుగుతుందేమోనని కామేశం ఏళ్ళ తరబడి చూశాడు. ఆమె తిరగలేదు. ఇతనే ఓడెక్కి ఆ బొమ్మ వేసినాయన దగ్గరికి వచ్చేశాడు. చదువు ఖర్చు ఒక జమీందారు గారు పెట్టుకున్నారు.

వచ్చి రెండేళ్ళయింది. ఈ రెండేళ్ళలో పెన్‌ఫోల్డ్ గదిలోంచి పదకొండు బొమ్మలు బయటికి వెళ్ళాయి. అన్నింట్లోనూ కామేశం చెయ్యి ఉంది. ఒక దాంట్లో మబ్బులు, ఒక దాంట్లో ఓడ, ఒక దాంట్లో ఊరు ఊరంతా. కింద ఎడమ మూల మాత్రం ఎప్పుడూ ఒక్క మాటే. పెన్‌ఫోల్డ్.

మొన్ననే ఆ జమీందారు గారి దివాను నుంచి ఉత్తరం వచ్చింది. "రెండేండ్లు పూర్తి అయినవి. మీ పేరుతో అచ్చయిన బొమ్మ ఒక్కటి పంపవలెను. అది చూచి మూడవ ఏటి సంగతి ప్రభువులవారు ఆలోచించెదరు. లేనియెడల తిరుగు ఓడకు టిక్కెట్టు పంపబడును."

కామేశం ఆ ఉత్తరాన్ని కోటు లోపలి జేబులో పెట్టుకు తిరుగుతున్నాడు. గురువుగారికి చూపించలేదు. చూపిస్తే ఏమవుతుంది? పేరు పడకపోతే వీడు ఓడెక్కి పోతాడన్న సంగతి ఆయనకి తెలిసిపోతుంది. తెలిశాక పేరు వేస్తాడో, కావాలనే వేయకుండా ఊరుకుంటాడో ఎవరికి తెలుసు?

సరిగ్గా ఆ వారమే పెన్‌ఫోల్డ్‌కి మోకాలు పట్టేసింది.

"సెయింట్ ఓర్విన్ అని చేపలు పట్టేవాళ్ళ ఊరు. ఈసారి నేను కదల్లేను. నువ్వెళ్ళి పదిరోజులుండిరా," అన్నాడు.

"ఏం గీసుకు రమ్మంటారు సార్?"

"నాకేం తెలుసు. ఆ ఊరు నేను చూడలేదుగా."

ఆయన మామూలుగానే అన్నాడు. రైల్లో కామేశం ఆ మాటని తిరగేసి మరగేసి చూసుకున్నాడు. చూడని ఊరికి బొమ్మ. ఆ బొమ్మ కింద ఆయన పేరు.

ఊరు మాత్రం కలలాగే ఉంది. అయిదు రోజులు ఒకటే వాన. రాతి ఇళ్ళు, తడిసిన వలలు, ఏడ్చే పిల్లల్లా అరిచే తెల్లపిట్టలు. ఆరో పొద్దున వాన తెరిపిచ్చింది. ఎవరో దుప్పటి లాగేసినట్టు సముద్రమంతా ఒక్కసారి నీలమైపోయింది. ఆ నీలంలోంచి, ఇటిక రంగు తెరచాప ఎత్తుకుని, ఒంటరిగా ఒక పడవ ఒడ్డుకి వస్తోంది. కామేశం తడి రాతి మీదే కూర్చున్నాడు. పడవ ఒడ్డు చేరేదాకా గీశాడు. తన బతుకులో ఇక ఇంతకంటే మంచి పొద్దు రాదేమో అనిపించింది.

నలభై కాగితాలతో తిరిగొచ్చాడు. పెన్‌ఫోల్డ్ వాటిని నేల మీద పరచమని, చేతికర్ర పట్టుకుని వాటి మధ్య నడిచాడు. పడవ దగ్గర ఆగాడు.

"ఇది," అన్నాడు.

దాన్ని తీసుకుని లోపలి గదిలోకి వెళ్ళి తలుపేసుకున్నాడు. ఆ తలుపు రోజూ వేసుకునేదే. కామేశానికి మాత్రం ఆ రోజు గడియ చప్పుడు కొత్తగా వినిపించింది. వెళ్ళి తలుపు సందులోంచి చూశాడు. గురువుగారు అతని బొమ్మ మీద ఉల్లిపొర కాగితం పరిచి, పెన్సిలుతో దించుకుంటున్నాడు. ఇళ్ళు సగం పోయాయి. పిట్టలు పోయాయి. వలలు బాగుచేసే ఆడవాళ్ళు పోయారు. కొండ, నీళ్ళు, పడవ మిగిలాయి.

మధ్యాహ్నానికి ఆ ఉల్లిపొర కాగితం కామేశం చేతిలో పెట్టాడు. "అచ్చురాళ్ళ మీదికి నువ్వే ఎక్కించు."

కింద నాది, పైన ఆయనది, మధ్యన ఉల్లిపొర. ఇలాగే కాబోలు ఒకరి సొమ్ము ఇంకొకరిదయ్యేది, అనుకున్నాడు కామేశం.

గది కిందనే అచ్చుశాల. అక్కడి మేస్త్రీ హాబ్స్ నోట్లో పైపు పెట్టుకుని రాళ్ళు కడుగుతున్నాడు.

"ఏం రాజావారూ, పెద్దాయన బొమ్మ తమ చేతికిచ్చాడటగా?"

"అది నా బొమ్మే."

"అలాగా," అన్నాడు హాబ్స్. "తమకి ముందు ఆరుగురు చేశారు ఆయన దగ్గర. ఇవే మెట్లు, ఇవే రాళ్ళు. అందులో ఒక్కడి పేరు చెప్పండి చూద్దాం."

కామేశం నోరు తెరిచాడు. ఒక్క పేరూ రాలేదు.

"చూశారా," అని హాబ్స్ మిషను వైపు వెళ్ళిపోయాడు.

కామేశం అక్కడే లెక్కేసుకున్నాడు. ఆరుగురు. ఆరుగురూ ఆ ఎడమ మూలలో కలిసిపోయారన్నమాట.

ఈ అచ్చులో రంగుకో రాయి. నున్నటి రాతి మీద జిడ్డు పెన్సిలుతో గీస్తే, ఆ గీసిన చోటే రంగు అంటుకుంటుంది. రాతి మీద కుడివైపు ఉన్నది కాగితం మీద ఎడమకి వస్తుంది. అందుకని అన్నీ తిరగేసి గీయాలి. కామేశం అద్దం ఎదురుగా పెట్టుకుని, అందులో చూస్తూ నాలుగు రోజుల్లో నాలుగు రాళ్ళు ముగించాడు. అయిదోది ముదురు నీలం. అలలన్నీ దాని మీదే.

ఆ రాయి ముందు కూర్చున్నప్పుడు అతనికి ఆలోచన తట్టింది. మన అక్షరాలు గుండ్రనివి. నీళ్ళలో వేస్తే నీళ్ళలాగే ఉంటాయి. ఇక్కడివాళ్ళకి అలలు, దివాను గారికి పేరు.

మెట్ల మీద చేతికర్ర చప్పుడవుతుందేమోనని చెవి అటుంచి, గబగబా రాశాడు. 'కా' ఒక అల. 'మే' దాని పక్క అల. 'శ' విరిగే అల. చివరి సున్న నురగబుడగ. మూడక్షరాలూ ఇమడడానికి చుట్టూ ఉన్న అలల్ని కొంచెం ఒడ్డుకి ఎడంగా వంచాడు. కాగితం మీద చూస్తే ఎడమ మూల పెన్‌ఫోల్డ్ పేరుకి పైన, జానెడు దూరంలో. ఇంతా చేసి లేచి నిలబడితే మనసు తేలికవ్వాలి. అవలేదు. దొంగతనం జరిగిన ఇంట్లో తనే దొంగలా నిలబడ్డట్టనిపించింది.

మర్నాడు పొద్దున హాబ్స్ మొదటి కాగితం తీసి గోడకి గుచ్చాడు.

పడవ నిజంగా వస్తున్నట్టే ఉంది. కామేశం కన్ను మాత్రం ముందు తన పేరు కోసం వెతికింది. వెతికి, కొయ్యబారిపోయింది. పేరు తిరగబడి ఉంది. రెండేళ్ళుగా ఊళ్ళకి ఊళ్ళు తిరగేసి గీసినవాడు, అద్దంలో చూడటం మానేసి మెట్ల వైపు చూస్తూ, తన పేరొక్కటీ రాతి మీద తిన్నగా రాసేశాడు. ఇప్పుడది దివాను గారు కాదు కదా, తనే చదవలేడు.

చేతికర్ర చప్పుడైంది. పెన్‌ఫోల్డ్ దిగి వచ్చాడు. బొమ్మ దగ్గరికి వెళ్ళలేదు. కుంటుకుంటూ గది ఆ చివరి గోడకి వెళ్ళి, అక్కణ్ణుంచి చూశాడు. స్టేషన్లో బొమ్మని ఎవడూ దగ్గరికొచ్చి చూడడు, పట్టాల అవతలి నుంచి చూస్తాడు. అందుకని ఆయనా అలాగే చూస్తాడు.

"ఇటు రా కామేష్. నీ కన్ను ఎక్కడికి పోతోంది?"

"పడవ మీదికి సార్."

"హాబ్స్, నీకు?"

"నా కన్ను టీ మీదికి పోతోంది."

"నాది పడవ దగ్గరికి పోతోంది గానీ, నిలవడం లేదు. కింద ఎడమకి జారిపోతోంది."

గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు, కామేశానికి రోషం పొడుచుకొచ్చింది. "ఆ మూల మీ పేరుంది కదా సార్. దాని మీదికేమో."

హాబ్స్ పైపు నోట్లోంచి తీశాడు.

పెన్‌ఫోల్డ్ ఆ మాటకి కోపం తెచ్చుకోలేదు. "అయ్యుండొచ్చు," అన్నాడు.

బల్ల మీది తెల్లరంగు గిన్నె, బ్రష్షు అందుకుని బొమ్మ దగ్గరికి నడిచాడు. ఒక్క గీతలో తన పేరు తుడిచేశాడు. మళ్ళీ అంత దూరమూ కుంటుకుంటూ వెనక్కొచ్చి, కామేశం పక్కన నిలబడ్డాడు.

"ఇప్పుడు?"

కామేశం చూశాడు. మూల తెల్లగా, ఖాళీగా ఉంది. అతని కన్ను పడవ దగ్గర ఒక్క క్షణం ఆగి, తిన్నగా ఆ సున్న మీదికే పోయింది. ఇంకోసారి చూశాడు. ఇంకోసారీ అక్కడికే.

"ఇంకా అటే పోతోంది సార్," అన్నాడు చివరికి.

పెన్‌ఫోల్డ్ తలూపాడు. అక్కడేముందని అడగలేదు. బల్ల మీంచి రాయి గీకే చిన్న కత్తి తీసి అతని చేతిలో పెట్టాడు.

కామేశం కత్తి పట్టుకుని కదలకుండా నిలబడ్డాడు. "మా అక్షరాలు మీకు చదవడం రాదు కదా సార్. ఎలా తెలిసింది?"

"అక్షరాలా అవి?" పెన్‌ఫోల్డ్ నిజంగానే ఆశ్చర్యపోయి, దగ్గరికెళ్ళి వంగి చూశాడు. "అందంగా ఉన్నాయి. నాకది తెలీదు. ఒడ్డుకి రాని అలలు మాత్రం ఏ ఊళ్ళోనూ ఉండవు."

ఇక దాచడానికేమీ మిగల్లేదు. కామేశం మిగిలింది కూడా అడిగేశాడు. "నాకు ముందు చేసిన ఆరుగురు ఏమయ్యారు సార్?"

జవాబు హాబ్స్ నుంచి వచ్చింది. "అదిగో, ఆ తీగ మీద ఆరుతున్న రెండు బొమ్మలూ వాళ్ళలో ఇద్దరివే. అడుగున పేర్లున్నాయి, చదువుకోండి. ఇంకొకాయన అయితే మా కంటే పెద్ద అచ్చుశాలకి వెళ్ళిపోయాడు, మేం సరిగ్గా వేయడం లేదని."

"మీరే కదా, ఒక్కడి పేరు చెప్పమన్నారు?"

"చెప్పమన్నాను. లేరన్నానా? రెండేళ్ళ బట్టీ ఆ తీగ కిందనుంచి తల వంచుకుని పోతున్నారు తమరు."

"ఒక్కొక్కడూ ఒక్కో రోజు వచ్చి, తన పేరు కావాలని అడిగాడు," అన్నాడు పెన్‌ఫోల్డ్. అని, మోకాలు పట్టుకుని కుర్చీలో కూర్చుని, తన టీ తాను తాగసాగాడు.

కామేశం రాయి ముందు కూర్చున్నాడు. ముందు సున్న గీకాడు. తర్వాత 'శ', 'మే', 'కా'. రాతి పొడి తెల్లగా రాలింది. హాబ్స్ ఏవో పులుపు నీళ్ళతో ఆ చోటు కడిగిచ్చాడు. కామేశం అద్దం ఎదురుగా జరుపుకుని, మెట్ల వైపు చూడకుండా, ఆ ఆరో పొద్దుటి సముద్రాన్ని గుర్తు తెచ్చుకుంటూ అలల్ని మళ్ళీ గీశాడు. ఒక్కొక్క అలనీ ఒడ్డుకి తీసుకొచ్చాడు. మధ్యాహ్నం దాటింది.

రెండో కాగితం గోడకెక్కింది. ఆ మూల ఇంకా ఖాళీగానే ఉంది. రాతి మీంచి పెన్‌ఫోల్డ్ తన పేరు తీయించేశాడు.

దివాను గారి ఉత్తరం జేబులోనే ఉంది. కామేశం దాని మీద చెయ్యి వేశాడు, తీయలేదు. గురువుగారి కుర్చీ దగ్గరికి వెళ్ళి నిలబడ్డాడు.

"సార్, ఈ బొమ్మ మీద నా పేరుండాలి."

"ఉండాలి," అన్నాడు పెన్‌ఫోల్డ్, ఎవరో టైమెంతైందని అడిగితే చెప్పినంత తేలిగ్గా. ఖాళీ కప్పు కింద పెట్టాడు.

"ఎంత పెద్దగా?"

కామేశం గది ఆ చివరి దాకా నడిచి వెళ్ళి, గోడకి వీపు ఆనించి, పడవ వైపు చూస్తూ నిలబడ్డాడు.