ఆరు పాముల పటం

చెన్నకేశవులు బాధ ఒక్కటే. తొమ్మిదేళ్లుగా పటాలు వేస్తున్నాడు, ఒక్కదాని మీదా తన పేరు లేదు. నకాశీ చిత్రకారుడు మల్లారయ్య దగ్గర పద్ధతి అది. గురువు చెప్పేదాకా శిష్యుడి పటంలో కింది మూల ఖాళీగా ఉండాలి.

ఈసారి ఎర్రటి గుడ్డ మీద వైకుంఠపాళి వేశాడు. మూడు నెలలు పట్టింది. వైకుంఠానికి ముందు గళ్లలో వరుసగా ఆరు పాములు పడగ విప్పాయి. చివరి పాముకు ముత్యపు చిప్ప నూరి కళ్లు దిద్దాడు. ఎదురింట్లో ఉండే నాకు కూడా నచ్చింది. ఆ మాట అతనికి చెప్పలేదు, పొగడ్త అలవాటవుతుందని.

"ఇది ఆట కాదు గురువుగారూ, కళ. గోడకు వేలాడదీయాలి. పేరు రాసుకోమంటారా?" అన్నాడు.

మల్లారయ్య పటాన్ని అరుగు మీద పరిచాడు. వీధిలోకి కేకేశాడు.

"ఈదమ్మా! పాచిక తీస్కరా."

గాజులమ్మే ఈదమ్మ వచ్చింది. పట్వారీ నరహరిరావు పిలవకుండానే వచ్చాడు. పని లేని చోటికి ఆయన ఆలస్యంగా రాడు. నేను ఊరికే చూద్దామని వెళ్లి కాయ పెట్టాను. గురువు శిష్యుణ్ణి కూడా కూర్చోబెట్టాడు.

మొదట అతను ఆడలేదు, పటానికి కాపలా కాశాడు.

"చేతులు తుడుచుకోండి! పట్వారీగారూ, మోకాలు!"

నాలుగో పందెంలో అతనికి నిచ్చెన తగిలింది. ఆ తర్వాత పటం మీద మోకాలు పెట్టింది అతనే.

వీధి వీధంతా చేరింది. ఈలలు, కేకలు. పట్వారీ పన్నెండుసార్లు పాము నోట్లో పడ్డాడు, పన్నెండుసార్లూ పాచికనే తిట్టాడు. పైదాకా ఎక్కినవాళ్లు ఆ ఆరు పాముల దగ్గరే జారుతున్నారు. పొద్దు వాలింది. ఒక్కరూ వైకుంఠం చేరలేదు.

ఈదమ్మ కాయ మళ్లీ ఆ పాముల ముందుకొచ్చి ఆగింది. ఆమె పాచిక కింద పెట్టేసింది.

"దీంట్ల ఆరుకు మించి పడదు. ఆరు గళ్లకు ఆరు పాములు పెట్టినవ్. ఎట్ల దాటాలె బిడ్డా?"

చెన్నకేశవులు గళ్లు వేలితో లెక్కపెట్టాడు. మళ్లీ పెట్టాడు.

"చూడ్డానికి బాగుంటాయని..."

"అయితే చూస్కుంట కూసో. నేను పోతున్న."

ఈదమ్మ లేచింది. వెనకాల జనమూ కదిలారు.

"అవ్వా, ఆగు!"

చెన్నకేశవులు లోపలికి ఉరికాడు. కుంచె, తెల్ల రంగు తెచ్చాడు. ముత్యం కళ్ల పామును ఒక్కసారి చూశాడు. పడగ మీదుగా అడ్డంగా పూసేశాడు. అతని కాయ కూడా ఆ పాముల ముందే ఉందని పట్వారీ గుర్తుచేశాడు. తన కోసమే చేశాడని నేనైతే అనను.

"ఇప్పుడు వెయ్యి అవ్వా!"

పాచిక దొర్లింది. ఆరు! ఈదమ్మ కాయ తడి గడిలో దిగింది. మరో పందెం, ఒకటి! తెల్లటి మరకతో వైకుంఠంలో అడుగుపెట్టింది. వీధి హోరెత్తింది. అందరికంటే గట్టిగా అరిచింది ఓడిపోయిన చెన్నకేశవులే.

అరిచి అరిచి ఆయాసంతో కుంచె కడగబోయాడు. మల్లారయ్య చెయ్యి పట్టుకున్నాడు.

"ఉండనీ. కింద మూల ఇంకా ఖాళీగనే ఉంది."