చవిటినేల బెల్లం

అనగా అనగా, సముద్రం ఊరి అంచుల్ని ముద్దాడి పోయే ఒక రాజ్యం. దాన్నేలేవాడు చండవర్మ. ముక్కు మీదే కోపం.

ఎవరెంత చెప్పినా వినకుండా ఆయన చవిటినేలలో చెరకు వేయించాడు. గానుగాడించి, బెల్లం వండించాడు.

"నా బెల్లంతో చిలగడదుంపలు పాకం పట్టండి. పప్పన్నం పక్కన నంజుకుంటాను. నాకన్నా ముందు ఎవరూ నాలుకకు తాకించకూడదు" అన్నాడు.

రాజు వంటింట్లో ముగ్గురు తోబుట్టువులు పనిచేసేవారు. మొదటిరోజు వాళ్లలో పెద్దవాడు ఎర్రన్న వండాడు. విస్తట్లో ముక్కలు సాయంకాలపు మబ్బుల్లా మెరిశాయి. రాజు కొరికి, ఉమ్మేశాడు.

"ఉప్పు పోశావట్రా?"

"లేదు ప్రభూ."

"నా నాలుక అబద్ధమాడుతోందా?" ఎర్రన్నను చెరలో వేయించాడు.

రెండోరోజు తమ్ముడు సూరన్న వంతు. భయంతో ఉప్పుజాడీనే వంటింట్లోంచి తీయించేసి వండాడు. అయినా రాజు విస్తరి విసిరికొట్టాడు. సూరన్నా చెరలోకే పోయాడు.

"రేపూ ఇంతే అయితే ముగ్గురినీ రాజ్యం దాటిస్తాను" అన్నాడు రాజు.

ముగ్గురిలో మూడోది చెల్లెలు పైడమ్మ. ఆమె ఏడవలేదు. ఒళ్లంతా మండిపోయింది. ఉప్పులేని వంటింట్లో ఉప్పెక్కడిది? పొయ్యి ముందు కూర్చుని మంటను చూస్తూ ఆలోచించింది. మంట కన్నా ఆమె కళ్లే ఎర్రగా ఉన్నాయి.

మూడోరోజు రాజు విస్తట్లో ఉడికిన దుంపముక్క ఒకటి పెట్టింది. దాని పక్కన బెల్లంగడ్డ పెట్టింది.

"పాకమేదే?"

"తర్వాత పడతాను ప్రభూ. ముందు వేటికవి తినండి. నన్ను నాలుక పెట్టొద్దన్నారు కదా, మీరే పెట్టండి."

రాజు దుంప తిన్నాడు. కమ్మగా ఉంది. బెల్లం కొరికాడు. నోరంతా ఉప్పన. చవిటినేలలోని ఉప్పంతా చెరకు పీల్చుకుంది; సముద్రమే నోట్లోకి వచ్చినట్టుంది. ఉమ్మలేక, మింగలేక కూర్చున్నాడు.

"కోపమేదీ ప్రభూ?" అంది పైడమ్మ. "నిన్నటిదాకా ఉందిగా. మా అన్నల మీద పడింది. ఇవాళ ఎవరి మీద పడుతుంది?"

రాజు తల వంచుకుని లేచాడు. తానే నడిచివెళ్లి చెర తలుపు తీశాడు.

ఆ మధ్యాహ్నం పైడమ్మ పొరుగూరి బెల్లంతో పాకం పట్టింది. రాజు మొదటి రెండు ముక్కలూ ఆ అన్నదమ్ముల చేతుల్లో పెట్టి, "ముందు మీరు తిని చెప్పండి" అన్నాడు.

పిల్లలూ, ఎదుటివాడి మీద కోపం విసిరేముందు, తప్పు మన చేతిలోదేమో రుచి చూసుకోవాలి.