ముప్పై ఆంపియర్ల కార్యదర్శి

“ఏ వేళ తలుపు తట్టినా, పది నిమిషాల్లో సంఘం కారు మీ వాకిట్లో ఉంటుంది.”

కొబ్బరి పీచు కార్మికుల సహకార సంఘం గోడ మీద మూరెడేసి ఎర్రటి అక్షరాలతో ఈ మాట రాసి ఉంది. దాని కింద కార్యదర్శి పేరు. జనవరి దాకా ఆ పేరు వీర్రాజుది. కారు రెండుసార్లు దారిలో ఆగిపోయేసరికి, “మాట తప్పినవాడికి కుర్చీ ఎందుకు?” అని చిట్టూరి భార్గవ సర్వసభ్య సమావేశంలో బల్ల గుద్దాడు. బల్ల కాలు విరిగింది, వీర్రాజు పదవి ఊడింది. పాత పేరు మీద సున్నం కొట్టి అక్కడే భార్గవ పేరు రాశారు. పై మాట మాత్రం అలాగే ఉంచారు. మంచి మాట, మార్చడమెందుకని.

భార్గవకి ఇరవై ఆరేళ్లు. అతను చదవని పుస్తకం లేదు, చదివాక నమ్మని పుస్తకమూ లేదు. ఏ దేశంలో ఎప్పుడు విప్లవం వచ్చినా దాని నినాదం అతని నాలుక చివర సిద్ధంగా ఉండేది. రాసిన ప్రతి ఉత్తరానికీ చివర ఒక గడువు పెట్టడం అతని అలవాటు. కలెక్టరుకి పెట్టాడు, కరెంటాఫీసుకి పెట్టాడు. తన పెళ్లి సంబంధం గురించి మేనమామకి రాసిన ఉత్తరంలో కూడా ‘పదిహేను రోజుల్లోగా సమాధానం రాని పక్షంలో తదుపరి చర్యలకు మీరే బాధ్యులు’ అని రాశాడు. సమాధానం మూడో రోజే వచ్చింది. ఆ పిల్లకి వేరే సంబంధం కుదిరిందట.

అతను కార్యదర్శి అయ్యాక కారు బాగుపడిందా అంటే, లేదు. పోయిన ఆదివారం మిట్టమధ్యాహ్నం సూరమ్మ కూతురికి నొప్పులొచ్చాయి. డ్రైవరు నూకరాజు ఎన్నిసార్లు తాళం తిప్పినా ఇంజను గరగరమందే తప్ప అందుకోలేదు. చివరికి కొబ్బరి డొక్కల లోడుతో పోతున్న ట్రాక్టరును ఆపి ఆ పిల్లని ఎక్కించారు. కాలవ వంతెన దాటేలోపే, డొక్కల మీదే, మగపిల్లాడు పుట్టాడు. తల్లీ బిడ్డా క్షేమం. క్షేమంగా లేనిది భార్గవ పరువు ఒక్కటే. మూడో రోజున సూరమ్మ సంఘం ఆఫీసుకొచ్చి, పదిమంది వింటుండగా, “సెక్రటరీ గారూ, మీ కారు పది నిమిషాల్లో రాలేదు గానండి, మా మనవడు మాత్రం పది నిమిషాల్లో వచ్చేశాడండి” అంది. అందరూ నవ్వారు. పార్టీ ఏదైనా, వర్గం ఏదైనా, ఆ నవ్వులో మాత్రం గొప్ప ఐక్యత కనిపించింది.

ఆ సాయంత్రమే భార్గవ నోటీసు టైపు చేయించాడు. ‘విధి నిర్వహణలో ఘోర నిర్లక్ష్యం వహించినందుకు మిమ్మల్ని ఉద్యోగం నుంచి ఎందుకు తొలగించరాదో ఈ నెల పద్నాలుగో తేదీ సాయంత్రం ఐదు గంటల్లోగా లిఖితపూర్వకంగా తెలుపవలెను.’ ఎవరి నుంచి: కార్యదర్శి. ఎవరికి: డ్రైవరు. నూకరాజుకి యాభై నాలుగేళ్లు. పద్దెనిమిదేళ్లుగా ఆ స్టీరింగు తప్ప మరో పని ఎరగడు. జనవరి దాకా భార్గవ అతన్ని ‘బాబాయ్’ అనేవాడు. కుర్చీ ఎక్కిన మర్నాటి నుంచి ‘డ్రైవరు గారూ’ అంటున్నాడు. మర్యాద పెరిగిన కొద్దీ నూకరాజుకి నిద్ర తగ్గింది.

నోటీసు చెల్లాలంటే సంఘం గౌరవ సలహాదారు దైవసహాయం మాస్టారి సంతకం కావాలి. మాస్టారు ఐటీఐలో ముప్పై ఏళ్లు ఎలక్ట్రికల్ పాఠం చెప్పి రిటైరై, ఇంటి పక్క రేకుల షెడ్డులో కార్ల వైరింగు చూసుకుంటున్నారు. భార్గవ ఆయన శిష్యుడే. ఆయనకో అలవాటుంది. ప్రశ్న అడిగితే జవాబు చెప్పరు, చేతిలో ఏదో ఒకటి పెడతారు. ఐటీఐ రోజుల్లో భార్గవ, “కరెంటు కంటికి కనపడదు గదా మాస్టారూ, ఉందని ఎలా నమ్మాలి?” అని అడిగితే ఆయన ఒక బల్బు హోల్డరు అందించారు. నమ్మకం కుదరడానికి క్షణం పట్టింది. చెయ్యి సలుపు తగ్గడానికి పూట పట్టింది.

పదో తేదీ ఉదయం భార్గవ షెడ్డుకి వెళ్లాడు. వెనకే నూకరాజు, ట్రాక్టరుకి మోకు కట్టి కారును లాక్కొచ్చాడు. నోటీసులో ఏముందో అతనికి తెలుసు. టైపు చేసినవాడు అతని తోడల్లుడే.

“మాస్టారూ, ఒక్క ప్రశ్న” అన్నాడు భార్గవ. “దోషం మనిషిలో ఉంటుందా, వ్యవస్థలో ఉంటుందా? సగం పుస్తకాలు అదంటున్నాయి, సగం పుస్తకాలు ఇదంటున్నాయి.”

“నువ్వేమంటున్నావు?”

“వ్యవస్థలోనే అని సిద్ధాంతం. కానీ ఈ కేసులో మాత్రం మనిషిలో.” జేబులోంచి నోటీసు తీసి ముందు పెట్టాడు. “మీ సంతకం కావాలి.”

మాస్టారు కాగితం చదివి, మడిచి, చొక్కా జేబులో పెట్టుకున్నారు. “కారు తెచ్చారుగా. తాళం తిప్పు” అన్నారు.

పాతికేళ్ల నాటి తెల్ల కారది. తాళం తిప్పగానే వెనక సీటు కింద పెట్రోలు పంపు రెండు క్షణాలు తుమ్మెదలా జుమ్మనాలి. మాస్టారు వెనక సీటుకి చెవి ఆనించి విన్నారు. చప్పుడు లేదు. స్టీరింగు కింద మూత తీసి పంపు ఫ్యూజు ఊడబెరికారు. ఆకుపచ్చగా ఉందది. ఆకాశానికి ఎత్తి చూస్తే లోపలి తీగ తెగలేదు. ఆయన దాన్ని కావాల్సినదానికంటే కాస్త ఎక్కువసేపే చూసి, మళ్లీ దాని చోట్లో పెట్టేశారు. తర్వాత బానెట్ ఎత్తించారు. లోపల అగ్గిపెట్టెలంత నల్ల డబ్బాలు వరసగా కూర్చుని ఉన్నాయి. అవే రిలేలు. చిన్న కరెంటు వచ్చి తలుపు తడితే, పెద్ద కరెంటుకి తలుపు తీసే కాపలావాళ్లు.

“ఈ రెండూ ఒకే అచ్చులో పోసినవి” అన్నారు మాస్టారు. “ఇది పంపుది, అది హారన్‌ది. దొంగ ఏది?”

“పంపుదే. హారన్ నిక్షేపంలా మోగుతోంది గదా.”

“నిశ్చయమేనా?”

“సాక్ష్యం కళ్ల ముందే ఉంటే విచారణ దేనికి మాస్టారూ!”

“అయితే చోట్లు మార్చు.”

భార్గవ పంపు రిలేని పీకి హారన్ గూట్లో, హారన్ రిలేని పీకి పంపు గూట్లో కూర్చోబెట్టాడు. మాస్టారు సైగ చేస్తే నూకరాజు హారన్ నొక్కాడు. బొయ్యిమని అరిచింది. షెడ్డు రేకుల మీద ఉన్న కోళ్లు నాలుగు దిక్కులా ఎగిరిపోయాయి. తర్వాత తాళం తిప్పాడు. వెనక సీటు కింద మళ్లీ అదే నిశ్శబ్దం.

భార్గవ రెండు రిలేలనూ మార్చి మార్చి చూశాడు. అతని ముఖం ఎర్రబడింది. “ఇది కుట్ర మాస్టారూ. రెండూ కుమ్మక్కయ్యాయి.”

నూకరాజుకి సరిగ్గా ఆ క్షణంలోనే దగ్గొచ్చింది. అటు తిరిగి చాలాసేపు దగ్గాడు.

“నువ్వు దొంగన్నది హారన్ దగ్గర శుభ్రంగా ఉద్యోగం చేస్తోంది” అన్నారు మాస్టారు. “నువ్వు దొరన్నది ఇక్కడికొచ్చి మూగబోయింది. ఇంక ఎవర్ని అనుమానిస్తావు?”

భార్గవ పంపు గూడు వంక చూశాడు. ఎవరో బలవంతాన పలికిస్తున్నట్టు, “చోటునే” అన్నాడు. అనగానే అతనికి ఎందుకో సంఘం గోడ మీది సున్నం గుర్తొచ్చింది. సున్నం కింద వీర్రాజు పేరు, సున్నం మీద తన పేరు, రెండింటి పైనా అదే మాట, రెండుసార్లూ అదే కారు.

మాస్టారు రిలేలు కూర్చునే పెట్టెని విప్పి తిరగేశారు. అడుగున ప్లాస్టిక్ బెల్లం పాకంలా కరిగి కారి గడ్డకట్టి ఉంది. రాగి తీగ నల్లగా మాడింది. తీగ కాలిపోయింది గాని, దానికంటే ముందే కాలి కరెంటు ఆపాల్సిన ఫ్యూజు చెక్కుచెదరలేదు. కాపలాకి పెట్టిన కుక్క గుర్రుపెట్టి పడుకుంటే ఇల్లు దోచుకుపోయినట్టుంది వ్యవహారం.

“ఇక్కడ పదిహేనుది ఉండాలి. నీలం రంగుది” అన్నారు మాస్టారు. “ముప్పై ఆంపియర్ల పచ్చ ఫ్యూజు ఎవరు పెట్టారు?”

ఆ ప్రశ్నకి జవాబు షెడ్డులో ముగ్గురిలో ఇద్దరికి తెలుసు. ఫిబ్రవరిలో నీలం ఫ్యూజు వారానికొకటి చొప్పున పోయేది. “వైరెక్కడో తగుల్తోందండి, ఓసారి మాస్టారికి చూపిద్దామండి” అని నూకరాజు మూడుసార్లు అడిగాడు. “సాకులు చెప్పేవాళ్లు చరిత్రను నిర్మించలేరు” అని మూడుసార్లూ భార్గవ జవాబిచ్చాడు. ఆపైన తనే దుకాణానికెళ్లి, “ఉన్నవాటిలో బలమైనది ఇవ్వండి” అని అడిగి తెచ్చాడు. సంఘం ముంగిట సభ్యులందరి ఎదుటా దాన్ని బిగిస్తూ, “కాలిపోయే కాలం పోయింది! ఇక లొంగేది లేదు!” అని ఉపన్యసించాడు. చప్పట్లు మోగాయి. కొట్టినవాళ్లలో ఒక్కరికీ ఆంపియరంటే ఏమిటో తెలియదు. తెలియాల్సినవాడు ఒకడున్నాడు. కానీ మాస్టారు ఫ్యూజు పాఠం చెప్పిన వారంలో అతను ఐటీఐ క్యాంటీను ఇడ్లీల పరిమాణం మీద సమ్మె నడుపుతున్నాడు.

నూకరాజు తల గోక్కుని, “పాతదే అయ్యుంటుందండి మాస్టారండీ. కారుతో పాటే వచ్చుంటుందండి. ఆయ్” అన్నాడు.

భార్గవ అతని వైపు తిరిగి చూశాడు. ఏ క్షణమైనా తన ఉద్యోగం తీసేయబోయే మనిషిని కాపాడటానికి నూకరాజు అబద్ధమాడుతున్నాడు. ఇన్ని పుస్తకాల్లోనూ దీనికి సరిపడే నినాదం అతనికి దొరకలేదు. అందుచేత మామూలు మాటే వాడాల్సొచ్చింది.

“నేనే పెట్టాను మాస్టారూ.”

మాస్టారు మాడిన తీగ కత్తిరించి కొత్త ముక్క అతికారు, కొత్త గూడు బిగించారు. డబ్బాలోంచి నీలం ఫ్యూజు ఒకటి తీసి భార్గవ చేతిలో పెట్టారు. భార్గవ దాన్ని పెట్టి, పంపు చప్పుడు వినడానికి వెనక సీట్లో కూర్చున్నాడు. నూకరాజు తాళం తిప్పాడు. పంపు జుమ్మంది, అంతలోనే టప్పుమని ఫ్యూజు పోయింది.

“చూశారా, ఎంత బలహీ…” అని భార్గవ సగంలో నోరు మూసుకున్నాడు.

“అది అరిచింది” అన్నారు మాస్టారు. “ఎందుకరిచిందో వెళ్లి చూడు.”

భార్గవ వెనక సీటు ఎత్తి, తల దూర్చి, మోకాళ్ల మీద పాకాడు. లోపలి నుంచి రెండు తుమ్ములూ ఒక తిట్టూ వినిపించాయి. సీటు ఇనప కమ్మీ కింద పంపు తీగ నలిగి, పైతొడుగు అరిగి, రాగి బయటపడి ఉంది. ఎవరైనా వెనక కూర్చుంటే చాలు, సీటు అణిగి కమ్మీ తీగని తాకేది. ఎవరూ లేనప్పుడు కారు బుద్ధిగా నడిచేది, రోగి ఎక్కగానే ఆగిపోయేది. ఆ కమ్మీ వీర్రాజు కాలంలోనూ అక్కడే ఉంది.

“దొరికింది బాబాయ్!” అని భార్గవ సీటు కిందనుంచి అరిచాడు.

“ఆయ్, ఇదుగోనండి” అన్నాడు నూకరాజు. ‘బాబాయ్’ అన్న మాట విన్నట్టు పైకి తెలియనివ్వకుండా, టేపు చుట్ట అందించాడు.

అరిగిన చోట టేపు చుట్టి, తీగని కమ్మీకి దూరంగా జరిపి కట్టారు. రెండో నీలం ఫ్యూజు పెట్టారు. పంపు జుమ్మంది. ఇంజను ఒక్క తిప్పుకే అందుకుంది. వెళ్లిన కోళ్లు తిరిగొచ్చి చూస్తున్నాయి. మాస్టారు వెనక సీట్లో తనే ఎక్కి కూర్చుని, అటూ ఇటూ రెండుసార్లు ఊగి, తృప్తిగా దిగారు.

భార్గవ ఒంటికి దుమ్ము, బూజు, సీటు స్పాంజి ముక్కలు. అతను మాడిన తీగ ముక్కనీ పచ్చ ఫ్యూజునీ అరచేతిలో పెట్టుకుని చూస్తూ నిలబడ్డాడు. కాసేపటికి, “మాస్టారూ, ఆ కాగితం ఇటివ్వండి. చింపేస్తాను” అన్నాడు.

“ఎందుకు? బాగా రాశావు. అచ్చుతప్పు ఒక్కటీ లేదు.”

ఆయన జేబులోంచి నోటీసు తీసి బానెట్ మీద పరిచారు. కలం మూత తీసి, ‘ఎవరి నుంచి’ అన్నచోట ఒక మాట కొట్టేసి ఒక మాట రాశారు. ‘ఎవరికి’ అన్నచోటా అంతే. మిగతా వాక్యంలో అక్షరం ముట్టుకోలేదు. కింద, భార్గవ పొద్దున్నుంచీ అడుగుతున్న సంతకం చేశారు. తడి ఆరేదాకా ఊది, కాగితాన్ని నూకరాజు చేతికిచ్చారు. నూకరాజు దాన్ని చూసి కంగారుపడి, “బాబోయ్, నాకెందుకండి ఇది” అన్నాడు.

“నువ్వు ఇయ్యి. అతను తీసుకుంటాడు.”

నూకరాజు రెండు చేతులతో ఇచ్చాడు. భార్గవ రెండు చేతులతో తీసుకున్నాడు. తను రాసిన వాక్యమే, తనకే, ఎంత కటువుగా ఉందో ఆసాంతం చదువుకుని తలెత్తాడు. మాస్టారు అప్పటికే చేతులు తుడుచుకుంటూ షెడ్డులోకి నడుస్తున్నారు. గుమ్మం దగ్గర ఆగి, వెనక్కి తిరగకుండానే అన్నారు:

“చోట్లు మార్చాను. పలుకుతుందో లేదో చూద్దాం. పద్నాలుగో తేదీ, సాయంత్రం ఐదు గంటల్లోగా.”