ముప్పై ఏడో ఇల్లు

కృపావతికి ఏడుపొక్కటే తక్కువ. మూడుసార్లు బస్సెక్కి వెళ్ళింది. మూడుసార్లూ నాంచారమ్మ రెండిళ్ళ గురించి చెప్పి ఆగిపోయింది.

నాంచారమ్మది సముద్రపొడ్డున నలభై గడపల పల్లె. ఎప్పుడో ఆవిడ వయసులో ఉండగా ఉప్పెనొచ్చి ఊడ్చుకుపోయింది. మిగిలింది ఆవిడొక్కతే. ఏ ఇంట్లో ఎవరుండేవాళ్ళో ఏ కాగితంలోనూ లేదు, ఆవిడకే తెలుసు. ఇప్పుడు చూపు పోయింది, ఊపిరీ అంతంతమాత్రమే.

"అన్నీ మరిచిపోయింది మాస్టారూ" అంది కృపావతి.

మస్తాన్ మాస్టారు ముప్పై ఏళ్ళు ఊళ్ళు తిరిగి, పుస్తకాలకెక్కని మనుషుల మాటలు రికార్డు చేసిన మనిషి. ఈ పిల్లకు పని నేర్పింది ఆయనే. టేపు పెట్టించుకుని విన్నారు. అలలు, నాంచారమ్మ గొంతు, చివర్న ఏదో గొణుగుడు. కృపావతి గొంతు మాత్రం ఒక్కచోట కూడా లేదు. ఆ సంగతి ఆమె గర్వంగానే చెప్పింది. మీ పాత టేపుల్లో పది మాటలకోసారి మీ గొంతు అడ్డొస్తుంది, నేనైతే తలాడిస్తానే తప్ప నోరు మెదపను అని కూడా అంది. జంకు లేని నోరు.

మాస్టారు నవ్వి చెప్పులేసుకున్నారు.

నాంచారమ్మ గుడిసె ముందు మంచంలో కూర్చుని మొదలుపెట్టింది. మొదటిల్లు పోలయ్యది, నలుగురు కొడుకులు.

"ఊఁ" అన్నారు మాస్టారు.

పక్కిల్లు లంకమ్మది. మొగుడు లేడు, మేకలున్నాయి.

"ఊఁ."

టేపు పాడైపోతోందని కృపావతి కళ్ళతోనే బతిమాలింది. ఆయన చూడనే లేదు. చిన్నపిల్లాడు కథకు ఊ కొట్టినట్టు కొడుతూనే ఉన్నారు. పదిళ్ళయ్యాయి, ఇరవయ్యాయి. ఎవరి వాకిట్లో మునగచెట్టుందో, ఎవరికి ఎవరితో మాటల్లేవో, అన్నీ వచ్చాయి. ఎండ మంచం మీదకి జరిగింది.

ముప్పై ఆరో ఇల్లయ్యాక మాస్టారు ఊ కొట్టలేదు. చప్పుడు కాకుండా లేచి దూరంగా వెళ్ళి నిలబడ్డారు.

నాంచారమ్మ ఆగింది. మొహం అటూ ఇటూ తిప్పింది. "ఎల్లిపోయారు కామోసు" అని గొణుక్కుని, మంచం మీద ఒరగబోయింది.

టేపు చివర వినబడ్డ గొణుగుడు అదే. కృపావతికి సిగ్గేసింది. మంచం దగ్గరికి జరిగింది.

"ఊఁ."

ముసలమ్మ మళ్ళీ లేచి కూర్చుంది.

"ముప్పై ఏడోది మాదమ్మా. ముగ్గురు పిల్లలు. పెద్దోడు గంగయ్య, నడిపిది సరస్వతి. సంటిదానికి ఇంకా పేరెట్టలేదు."

"ఊఁ" అంది కృపావతి. మిగిలిన మూడిళ్ళకీ ఆమే ఊ కొట్టింది.

ఆ చలికాలంలోనే నాంచారమ్మ పోయింది. టేపులు దాచే లైబ్రరీ నుంచి ఉత్తరం వచ్చింది, అడ్డం వచ్చే చప్పుళ్ళన్నీ తీసేసి పంపమని. కృపావతి దాన్ని మాస్టారికి చదివి వినిపించింది.

"మన ఊఁలన్నీ తీసెయ్యాలట మాస్టారూ."

ఆయన ఉత్తరం అందుకుని మడిచేశారు.

"తీసేస్తే ఆవిడ మళ్ళీ ఒక్కతే అయిపోతుందమ్మా."